హీరో కాకపోవడమే కలిసొచ్చిన కుర్రాడు

సూపర్‌మ్యాన్ సినిమా, అదే 2025 జులైలో వచ్చింది చూడండి, అది చూసిన రాత్రి మా కజిన్ వాట్సాప్‌లో "ఆ గుండు విలన్ ఎవడన్నా, అంత బాగా కుళ్ళుకుంటున్నాడు" అని మెసేజ్ పెట్టాడు. రిప్లైగా నేనో ఫొటో పంపించా. తలమీద గిన్నె బోర్లించి కత్తిరించినట్టున్న క్రాపు, వంకర తిరిగిన కనుబొమ్మలు, ఎవరో చేత్తో అల్లిన ఊలు టోపీ, మొహం మీద నవ్వూ లేదు ఏడుపూ లేదు, ఓ పదకొండేళ్ళ పిల్లోడు. "వీడే" అన్నా. నమ్మలేదు వాడు, గూగుల్ చేసుకుని అరగంట తర్వాత "అబ్బో" అని ఒక్క ముక్క పెట్టాడు. ఆ అబ్బో గురించే ఈ పోస్ట్, కొంచెం పెద్దగానే వచ్చేలా ఉంది, ఓపికుంటే చదవండి.

ఆ పిల్లోడి పేరు నికొలస్ హోల్ట్. 1989 డిసెంబర్ 7న ఇంగ్లాండ్‌లో వోకింగ్‌హమ్ అనే ఊళ్ళో పుట్టాడు. ఆరేడేళ్ళ వయసులో కెమెరా ముందుకొచ్చాడు, ఇప్పటికీ అక్కడే ఉన్నాడు, మధ్యలో పెద్ద గ్యాప్ అంటూ లేదు. చైల్డ్ ఆర్టిస్టుగా మొదలెట్టి ముప్పై ఏళ్ళు నడిపించడం ఎంత కష్టమో సినిమాలు చూసేవాళ్ళెవరికీ నేను చెప్పక్కర్లేదు. నా థియరీ ఏంటంటే, ఇతన్ని జనం ఎప్పుడూ ముద్దొచ్చే పిల్లోడిగా గుర్తుపెట్టుకోలేదు, పెద్దయ్యాక ఇతన్ని హీరోగా నిలబెడదామని చూసినప్పుడల్లా ఎక్కడో తేడా కొట్టింది, పక్కకి జరిగి ఏదో వంకర పాత్ర పట్టుకున్నప్పుడల్లా పేలింది. ఈ రెండిటికీ సంబంధం ఉందని నా నమ్మకం.

బ్రిటన్‌లో చైల్డ్ ఆర్టిస్టుల చరిత్ర చూస్తే ఒక్కోసారి బాధేస్తుంది. 1968లో వచ్చిన ఆలివర్ సినిమాలో జేబులు కొట్టే కుర్రాడిగా చేసిన జాక్ వైల్డ్‌కి పదహారేళ్ళకే ఆస్కార్ నామినేషన్ వచ్చింది, ఊరంతా తలమీద పెట్టుకుంది, ఆ తర్వాత మందుకి అలవాటుపడ్డాడు, కెరీర్ పోయింది, 2006లో 53 ఏళ్ళకి పోయాడు. అదే సినిమాలో ఆలివర్‌గా చేసిన మార్క్ లెస్టర్ యాక్టింగే మానేసి ఎముకలు కీళ్ళు సరిచేసే ఆస్టియోపాత్ అయ్యాడు, అతను తెలివైనవాడు అనుకోవాలి. చిన్నప్పుడు జనానికి నచ్చింది నీ బుగ్గలైతే, ఆ బుగ్గలు పోయిన రోజు నీ దగ్గర అమ్ముకోడానికేం మిగుల్తుంది? పద్నాలుగొచ్చేసరికి గొంతు మారుతుంది, మొటిమలొస్తాయి, మూతి మీద నూనూగు మీసం, ఇంక ప్రొడ్యూసర్ ఫోనెత్తడు.

హోల్ట్ ఇంట్లో ఈ పిచ్చి ముందునుంచే ఉంది. నాన్న పైలట్, అమ్మ పియానో టీచర్, పిల్లలందరికీ డాన్సో నాటకమో ఏదో ఒకటి. 1930లు 40ల్లో బ్రిటిష్ సినిమాల్లో పెద్ద స్టార్ అయిన అన్నా నీగిల్ ఇతనికి వరసకి బామ్మ అవుతుంది, కానీ అది రికమండేషన్‌కి పనికొచ్చే చుట్టరికం కాదు లెండి, ఇతను పుట్టే మూడేళ్ళ ముందే ఆవిడ పోయింది. మూడేళ్ళప్పుడు అన్న ఆడుతున్న నాటకానికి తీసుకెళ్తే ఈ బుడ్డోడు అల్లరి చేయకుండా కదలకుండా కూర్చుని చూశాడట, అది గమనించిన డైరెక్టర్ వీడిలో విషయముంది అన్నాడని చెప్తారు. నాకు ఈ కథ నచ్చడానికి కారణం, మామూలుగా చైల్డ్ ఆర్టిస్టుల కథలన్నీ "చిన్నప్పుడే డాన్స్ ఇరగదీసేవాడు, డైలాగులు గడగడా చెప్పేవాడు" అని మొదలవుతాయి, వీడి కథ "నోరు మూసుకుని చూశాడు" అని మొదలవుతుంది. తర్వాత వీడి యాక్టింగ్ చూస్తే అదే కనిపిస్తుంది, ఎదుటివాడు మాట్లాడుతుంటే వినడం.

మొదటి సినిమా 1996లో వచ్చిన ఇంటిమేట్ రిలేషన్స్, చిన్న వేషం. తర్వాత అంతా టీవీ. ఇక్కడ బ్రిటిష్ టీవీ గురించి ఓ మాట చెప్పాలి. అక్కడ క్యాజువాల్టీ అని ఒక హాస్పిటల్ సీరియల్ 1986 నుంచి నడుస్తూనే ఉంది, దానికి చెల్లెలు లాంటిది హోల్బీ సిటీ, పోలీసు కథలకి సైలెంట్ విట్నెస్, వేకింగ్ ది డెడ్ లాంటివి. ఇలాంటి సీరియల్స్‌లో వారానికో కొత్త కేసు కావాలి, కేసుకో కుటుంబం కావాలి, కుటుంబంలో ఓ పిల్లోడు కావాలి. చెయ్యి విరిగిన పిల్లోడు, తప్పిపోయిన పిల్లోడు, హత్య చూసేసిన పిల్లోడు. ఒక ఎపిసోడ్‌కి వస్తారు, ఏడుస్తారు, వెళ్ళిపోతారు. హోల్ట్ పైన చెప్పిన నాలుగింట్లోనూ కనిపించాడు. అక్కడి యాక్టర్లలో సగం మంది బయోడేటా క్యాజువాల్టీతోనే మొదలవుతుంది. స్టార్‌డమ్ ఏమీ రాదు, కానీ కెమెరా కోసం నేల మీద పెట్టిన మార్క్ మీద నిలబడటం, అదే సీన్ పది సార్లు అదే మూడ్‌లో చేయడం, సైలెంట్‌గా వెయిట్ చేయడం అన్నీ వచ్చేస్తాయి.

పైగా అక్కడ రూల్స్ గట్టివి. స్కూలు వయసు పిల్లల్తో షూటింగ్ చేయాలంటే లోకల్ కౌన్సిల్ దగ్గర లైసెన్స్ తీసుకోవాలి, దీనికి 1963లోనే చట్టం తెచ్చారు. సెట్లో తల్లో తండ్రో ఉండాలి, లేదంటే పిల్లోణ్ణి కనిపెట్టుకుని ఉండటానికి కౌన్సిల్ ఓకే చేసిన మనిషి (షాపరోన్ అంటారు) ఉండాలి, స్కూల్ ఉన్న రోజైతే ట్యూటర్‌ని పెట్టి మూడు గంటలు చదువు చెప్పించాలి. ఇంగ్లాండ్‌లో ఇప్పుడున్న లెక్క ప్రకారం తొమ్మిదేళ్ళు దాటిన పిల్లోడైనా రోజుకి తొమ్మిదిన్నర గంటలకి మించి లొకేషన్లో ఉండకూడదు, అందులో అసలు యాక్టింగ్ ఐదు గంటలే. టైమ్ అయిపోయిందంటే డైరెక్టర్ ఎంత పెద్దవాడైనా పిల్లోణ్ణి పంపించాల్సిందే. అందుకే ముందు పిల్లోడి షాట్లన్నీ లాగించేసి, పెద్దవాళ్ళ క్లోజప్పులకి పిల్లోడి బదులు ఇంకెవరో నిలబడి డైలాగ్ అందిస్తూ ఉంటారు. ఇలాంటి సిస్టమ్‌లో పెరిగినవాళ్ళందరూ బాగుపడ్డారని కాదు గానీ, చదువు మొత్తం అటకెక్కదు, అది మాత్రం పెద్ద విషయం.

సరే అసలు సంగతికొద్దాం, అబౌట్ ఎ బాయ్. 2002లో వచ్చింది, మన ఇంద్ర వచ్చిన ఏడాదే (ఇంద్రలో చేసిన తేజ సజ్జా కూడా ఇప్పుడు హీరో, అది వేరే పోస్టులో మాట్లాడుకుందాం). హ్యూ గ్రాంట్ హీరో, నాన్న రాసిన ఒక క్రిస్మస్ పాట మీదొచ్చే రాయల్టీతో పనీపాటా లేకుండా లండన్లో బతికేసే విల్ అనే మనిషి. పిల్లలున్న ఒంటరి తల్లులైతే ఈజీగా పడతారని, తనకీ ఓ కొడుకున్నాడని అబద్ధం చెప్పి అలాంటి తల్లుల గ్రూపులో చేరతాడు. అక్కడ తగుల్తాడు మార్కస్, అంటే మన హోల్ట్. పన్నెండేళ్ళ పిల్లోడు, తల్లి ఫియోనా డిప్రెషన్‌లో ఉంటుంది, శాకాహారి, హిప్పీ టైపు, కొడుక్కి ఏ బట్టలేస్తే స్కూల్లో ఏడిపిస్తారో ఆవిడకి తెలీదు, తెలిసినా పట్టించుకోదు. తల్లిగా చేసింది టోనీ కొలెట్, ఈ పేరు గుర్తుపెట్టుకోండి.

పార్కులో ఓ సీన్ ఉంటుంది, తల్లి ఇంట్లో చేసిన రాయిలాంటి బ్రెడ్ బాతులకి వేద్దామని మార్కస్ ముక్కలు చేయకుండా మొత్తం బ్రెడ్డే విసిరేస్తాడు, అది తగిలి బాతు చచ్చిపోతుంది. ఇక్కడ వేరే పిల్లోడైతే మొహమంతా యాక్ట్ చేస్తాడు, కళ్ళు పెద్దవి చేసి, నోరు తెరిచి, మనం నవ్వాలని. హోల్ట్ అలా చేయడు. చెరువు వైపు చూస్తూ నిలబడతాడంతే, ఇప్పుడు నేనేం చెప్తే ఇందులోంచి బయటపడతా అని లోపల లెక్కేసుకుంటున్నట్టు. అదే రోజు ఇంటికెళ్ళేసరికి తల్లి మందులు మింగేసి పడి ఉంటుంది. కామెడీ సినిమాలో అంత పెద్ద దెబ్బ, దాన్ని మోసింది పదకొండేళ్ళ పిల్లోడు (షూటింగ్ 2001లో జరిగింది కాబట్టి అప్పటికి అంతే వయసు).

తర్వాత మార్కస్ రోజూ స్కూలయ్యాక విల్ ఫ్లాట్ బెల్ కొడతాడు, లోపలికొచ్చి సోఫాలో కూర్చుంటాడు, ఇద్దరూ మాట్లాడుకోకుండా టీవీ చూస్తారు. నాకు సినిమా మొత్తంలో ఆ సోఫా సీన్లే ఇష్టం. హ్యూ గ్రాంట్ లాంటి టైమింగ్ ఉన్నవాడి పక్కన కూర్చుని ఏమీ చేయకుండా సీన్ పంచుకోవడం పెద్ద యాక్టర్లకే భయం. ఇక చివర్లో స్కూల్ ఫంక్షన్ స్టేజి మీద తల్లికిష్టమైన పాత పాట ఒక్కడే పాడటానికి నిలబడతాడు, కింద పిల్లలంతా గోల చేస్తుంటారు. ఇంట్లో తల్లీకొడుకులు కళ్ళు మూసుకుని ఆ పాటే పాడుతుంటే విల్‌కి ఒళ్ళు చచ్చిపోవడం ముందే చూసుంటాం కాబట్టి, వీడు స్టేజెక్కగానే వద్దురా నాయనా అని మనకే లేచి అరవాలనిపిస్తుంది. వీడి గొంతు గొప్పగా ఏం ఉండదు, ఉండకూడదు కూడా. గొప్పగా పాడి అందరితో చప్పట్లు కొట్టించుకుంటే అది వేరే సినిమా అయ్యేది.

ఈ సినిమా దాదాపు 13 కోట్ల డాలర్లు వసూలు చేసింది, స్క్రీన్‌ప్లేకి ఆస్కార్ నామినేషన్ వచ్చింది. కానీ నేను చెప్పేది ఏంటంటే, ఇందులో మార్కస్ ముద్దుగా ఉండడు. కొంచెం చిరాగ్గా ఉంటాడు, కొంచెం విచిత్రంగా ఉంటాడు. అప్పుడే ఇతని కెరీర్‌కి ఇన్సూరెన్స్ కట్టేసినట్టు అయింది. పెద్దయ్యాక పోగొట్టుకోవడానికి ముద్దు అనేది అసలు ఉంటే కదా.

తర్వాత నాలుగైదేళ్ళు త్వరగా చెప్పేస్తా. 2005లో నటుడు రిచర్డ్ ఇ గ్రాంట్ తన చిన్నతనం మీద తీసిన వా వా, స్వాజిలాండ్‌లో షూటింగ్, అందులో తాగుబోతు తండ్రితో వేగే కొడుకు. అదే ఏడాది ది వెదర్ మ్యాన్, షికాగో కథ, నికొలస్ కేజ్‌కి కొడుకుగా, అమెరికన్ యాస పట్టి. ఈ తండ్రి పేరు కూడా గుర్తుపెట్టుకోండి. 2006లో లండన్ టీనేజర్ల గొడవల మీద వచ్చిన కిడల్ట్‌హుడ్‌లో చిన్న పాత్ర. 2007లో బీబీసీ టెలిఫిల్మ్ కమింగ్ డౌన్ ది మౌంటెన్, డౌన్ సిండ్రోమ్ ఉన్న తమ్ముడి మీద కుళ్ళుతో రగిలిపోయే అన్న. దేన్లోనూ మనం వెనకేసుకొచ్చే పాత్ర కాదు చూడండి.

2007 జనవరిలో స్కిన్స్ మొదలైంది, ఈ4 ఛానెల్లో. బ్రిస్టల్ నగరంలో పదహారు పదిహేడేళ్ళ పిల్లల కథ, డ్రగ్స్, సెక్స్, పార్టీలు, వీటన్నిటి కింద ఎవరూ పట్టించుకోని ఇళ్ళు. దీన్ని క్రియేట్ చేసింది తండ్రీకొడుకులు, బ్రయాన్ ఎల్స్‌లీ, జేమీ బ్రిటన్, రైటింగ్ రూమ్‌లో కుర్రకారుని కూడా కూర్చోబెట్టారు, అందుకే మాటలు పెద్దవాళ్ళు ఊహించి రాసినట్టుండవు. పేరెంట్స్ గగ్గోలు పెట్టారు, పిల్లలు ఎగబడి చూశారు. రెండు సీజన్లు అవగానే మొత్తం గ్యాంగ్‌ని తీసేసి కొత్త గ్యాంగ్‌ని తెచ్చేవాళ్ళు, ఎందుకంటే కాలేజీ అయిపోతే ఎవరి దారి వాళ్ళదే కదా, ఆ లాజిక్‌కి దణ్ణం పెట్టాలి.

మొదటి గ్యాంగ్‌కి లీడర్ టోనీ స్టోనెమ్, అదే హోల్ట్. ఫస్ట్ ఎపిసోడ్ మొదలవగానే తెల్లారి నిద్ర లేస్తాడు, చెల్లెలు ఎఫీ రాత్రంతా బయట తిరిగి అప్పుడే వీధి గుమ్మం బయట నిలబడి ఉంటుంది, వెంటనే వీడు మ్యూజిక్ సౌండ్ పెంచేస్తాడు, తండ్రి అరుస్తూ వీడి గదికి పరిగెత్తుకొస్తాడు, ఆ సందులో చెల్లెలు ఇంట్లోకి జారుకుంటుంది. రెండు నిమిషాల్లో వీడెవడో తెలిసిపోతుంది, తెలివైనవాడు, అందగాడు, చెల్లెలంటే ప్రాణం, మిగతా ప్రపంచమంతా వాడికి బొమ్మలు. ఫ్రెండ్ సిడ్‌ని ఆడిస్తాడు, గర్ల్‌ఫ్రెండ్ మిషెల్‌ని అందరి ముందూ చులకన చేస్తాడు, మనకి వాణ్ణి లాగి ఒకటి కొట్టాలనిపిస్తుంది. ఆ టైముకి జనాల బుర్రల్లో హోల్ట్ అంటే ఊలు టోపీ పిల్లోడు. ఆ పిల్లోణ్ణి టోనీ మింగేశాడు, ఒక్క సీజన్లో.

ఇంకో మెలిక ఉంది. ఫస్ట్ సీజన్ చివర్లో టోనీని బస్సు గుద్దేస్తుంది. సెకండ్ సీజన్లో బతికే ఉంటాడు గానీ మెదడుకి దెబ్బ, సరిగ్గా రాయలేడు, మాట తడబడుతుంది, ఒకప్పుడు అందర్నీ ఆడించినవాడు ఇప్పుడు చిన్న పనికీ ఒకరి మీద ఆధారపడాలి. మొదటి సీజన్ టోనీ వేషం స్టైల్ ఉన్న ఏ కుర్రాడైనా లాగించేస్తాడు, రెండో సీజన్ టోనీని అందరూ చేయలేరు. పద్దెనిమిదేళ్ళకి ఆ రెండూ చేసి చూపించాక ఇంక చైల్డ్ ఆర్టిస్ట్ అనే ట్యాగ్ ఎవరు వేస్తారు.

స్కిన్స్ గురించి మాట్లాడుతూ దేవ్ పటేల్‌ని వదిలేస్తే ఊరుకోరు. లండన్లో పెరిగిన గుజరాతీ కుటుంబం కుర్రాడు, అంతకుముందు కెమెరా ముందు నిలబడింది లేదు, వాళ్ళమ్మ మెట్రో పేపర్లో ఆడిషన్ యాడ్ చూసి తెల్లారితే సైన్స్ పరీక్ష ఉన్నా లాక్కెళ్ళింది, అన్వర్ పాత్ర దొరికింది. డానీ బాయిల్ కూతురు స్కిన్స్ చూసి నాన్నకి ఇతని పేరు చెప్పింది, అలా స్లమ్‌డాగ్ మిలియనీర్ వచ్చింది, తర్వాత సంగతి మనకి తెలిసిందే. ఇదే సీరియల్లో పాష్ కెనెత్‌గా పక్కన కనిపించిన డేనియల్ కలూయా తర్వాత ఆస్కార్ కొట్టాడు, అతను ఆ టైములో ఎపిసోడ్లు కూడా రాశాడు. జో డెంప్సీ, హానా మర్రే గేమ్ ఆఫ్ థ్రోన్స్‌కి వెళ్ళారు. కాస్టింగ్ చేసినవాళ్ళ కన్ను మామూలుది కాదు.

ఫ్యాషన్ డిజైనర్ టామ్ ఫోర్డ్ తీసిన మొదటి సినిమా ఎ సింగిల్ మ్యాన్ 2009లో వచ్చింది, అందులో స్టూడెంట్ పాత్రకి అనుకున్న జేమీ బెల్ ఆఖరి నిమిషంలో తప్పుకుంటే హోల్ట్‌కి దక్కింది. తెల్ల స్వెట్టర్ వేసుకుని కాలిన్ ఫర్త్ వెనకాల తిరిగే కెనీ. 2011లో ఎక్స్‌మెన్ ఫస్ట్ క్లాస్, నీలం బొచ్చు బీస్ట్, గంటల కొద్దీ మేకప్, మొహమే కనపడదు. ఇంత అందగాడికి డబ్బులిచ్చి మొహం కప్పేశారేంటని అప్పట్లో నేను తెగ నవ్వుకున్నా. ఆ బీస్ట్ వేషమే 2019 దాకా నాలుగు సినిమాల్లో అన్నం పెట్టింది.

మధ్యలో 2013లో హాలీవుడ్ ఇతన్ని హీరో చేద్దామనుకుంది. జాక్ ది జయంట్ స్లేయర్, దాదాపు 20 కోట్ల డాలర్లు పోశారు, ప్రపంచమంతా కలిపి వచ్చింది కూడా దాదాపు అంతే, థియేటర్ల వాటా పోగా అది నష్టమే. సినిమా చూస్తే ఇతనిలో తప్పేం కనపడదు, బాగానే పరిగెడతాడు, బాగానే కత్తి పడతాడు, ప్రిన్సెస్‌ని ప్రేమిస్తాడు. కానీ ఆ బాగానే అన్నదే ప్రాబ్లం, వేరే ఎవరైనా అంతే బాగా చేస్తారు. అదే ఏడాది వార్మ్ బాడీస్‌లో జాంబీగా చేశాడు, లవ్‌లో పడ్డ శవం, పూర్తిగా మాట్లాడటం కూడా రాదు, గుర్రుమంటాడు. ఆ సినిమా చాలా తక్కువ బడ్జెట్, లాభాలొచ్చాయి, ఇతనికి మంచి పేరూ వచ్చింది. ఒకే ఏడాది రెండు సినిమాలూ పక్కపక్కన పెట్టి చూస్తే నా థియరీ అర్థమైపోతుంది.

మ్యాడ్ మ్యాక్స్ ఫ్యూరీ రోడ్ 2015లో వచ్చింది గానీ నమీబియా ఎడారిలో మెయిన్ షూటింగ్ 2012లోనే అయింది. అందులో నక్స్. గుండు, ఒళ్ళంతా తెల్లపొడి, పగిలిన పెదాలు, మెడ మీద రెండు గడ్డలు, ఆ గడ్డలకి బొమ్మ మొహాలు గీసి ల్యారీ, బ్యారీ అని పేర్లు పెట్టుకున్నాడు, ఎప్పుడైనా చచ్చిపోతాడు, ఆ చావేదో తన దేవుడు ఇమ్మోర్టన్ జో కళ్ళ ముందు గొప్పగా చావాలన్నదే వాడి జీవితాశయం. పళ్ళ మీద వెండి రంగు స్ప్రే కొట్టుకుని "నన్ను చూడండి" అని అరుస్తాడు. ఇసుక తుఫానులోకి బండి తోలుతూ ఎంత మంచి రోజు అని ఏడ్చినంత ఆనందంతో అరుస్తాడు కదా, ఆ కళ్ళల్లో పిచ్చి కంటే ఆకలి ఎక్కువ కనిపిస్తుంది, ఎవరో ఒకరు శెభాష్ అనాలి అన్న ఆకలి. తర్వాత దేవుడి ముందే కాలు జారి పడతాడు, ఆయన వీణ్ణి పనికిమాలినవాడని వదిలేస్తాడు, వీడు బండిలో ఓ మూల ముడుచుకుని తల కొట్టుకుంటాడు. రెండు గంటల ఛేజింగ్ సినిమాలో పూర్తిగా మారే మనిషి వీడొక్కడే. ఆ సినిమాకి ఆరు ఆస్కార్లొచ్చాయి, అన్నీ టెక్నికల్ అవార్డులే, యాక్టింగ్‌కి ఒక్క నామినేషన్ కూడా లేదు, నాకు ఇప్పటికీ మంటే.

2018లో ది ఫేవరెట్. బ్రిటన్ రాణి ఆన్ కాలంలో రాబర్ట్ హార్లీ అనే పొలిటీషియన్, భుజాల దాకా విగ్గు, పౌడరు, చెంప మీద అతికించిన పుట్టుమచ్చలు, మర్యాదగా మాట్లాడుతూనే ఎమ్మా స్టోన్‌ని మట్టిలోకి తోసేస్తాడు. ఆ సినిమా రాసినవాళ్ళలో ఒకడు టోనీ మెక్‌నమారా, ఆస్ట్రేలియన్. ఇతని నోట్లో తన డైలాగ్ ఎలా పండుతుందో ఆయన కనిపెట్టేశాడు, 2020లో ది గ్రేట్ సిరీస్‌లో రష్యా చక్రవర్తి పీటర్‌ని చేశాడు. ఎల్ ఫ్యానింగ్ (ఆవిడా చైల్డ్ ఆర్టిస్టే) పెళ్ళాం క్యాథరిన్. చరిత్రలో మూడో పీటర్ ఆర్నెల్లు ఏలాడు, 1762లో పెళ్ళామే దింపేసింది. సిరీస్‌లో చరిత్రని పెద్దగా పట్టించుకోలేదు, అప్పుడప్పుడూ నిజమైన కథ అని వాళ్ళే పేరు కింద వేసుకున్నారు. మూడు సీజన్లు, ముప్పై ఎపిసోడ్లు.

ఇక్కడ కొంచెం ఆగుతా, ఎందుకంటే నా లెక్కలో ఇతని బెస్ట్ ఇదే. పీటర్ పెద్ద వెధవ. తాగిన గ్లాసు నేలకేసి కొడతాడు, హుజ్జా అంటాడు, కొలువంతా హుజ్జా అనాలి. చచ్చిపోయిన తల్లి శవాన్ని గాజు పెట్టెలో పెట్టుకున్నాడు. ఎవణ్ణి చంపమంటాడో తెలీదు, చంపమన్నాక భోజనంలో ఏముంది అని అడుగుతాడు, ఆ అడగడంలో నిజంగా ఆసక్తి ఉంటుంది, అక్కడే నవ్వొస్తుంది. ఎపిసోడ్లు గడిచేకొద్దీ అర్థమవుతుంది, ఇంతపెద్ద తండ్రి తర్వాత వచ్చినవాడు, ఎవరూ ప్రేమించనివాడు, తనని చంపాలనుకుంటున్న పెళ్ళాన్నే ప్రేమించడం మొదలెడతాడు, ప్రేమించడం ఎలాగో తెలీక వంటవాణ్ణి అడిగినట్టు అందర్నీ సలహాలడుగుతాడు. గోల్డెన్ గ్లోబ్‌కి, ఎమ్మీకి నామినేట్ అయ్యాడు, గెలవలేదు. చూడనివాళ్ళు ఫస్ట్ ఎపిసోడ్ చూసి ఛీ అని ఆపేయకండి, నాలుగు దాకా ఓపిక పట్టండి.

2022లో ది మెన్యూ, అందులో టైలర్ అనే ఫుడ్ పిచ్చోడు. ఫొటోలు తీయొద్దన్నా ప్లేటు ఫొటో తీస్తాడు, చుట్టూ మనుషులు చస్తున్నా తింటూనే ఉంటాడు. చెఫ్ (రేల్ఫ్ ఫైన్స్) వీణ్ణి కిచెన్లోకి పిలిచి ఇంత తెలుసుగా నువ్వే వండు అంటాడు, అందరి ముందూ ఉల్లిపాయలు కూడా సరిగ్గా తరగలేక వీడి చేతులు వణకడం ఉంది చూడండి, ఇన్‌స్టాలో ఫుడ్ రివ్యూలు పెట్టేవాళ్ళందరికీ ఒకసారి చూపించాలి.

ఇప్పుడు ఇందాక గుర్తుపెట్టుకోమన్న పేర్లు తియ్యండి. 2005లో తండ్రిగా చేసిన నికొలస్ కేజ్ 2023లో రెన్‌ఫీల్డ్ సినిమాలో డ్రాక్యులాగా వచ్చాడు, హోల్ట్ ఆయనకి బానిస, పురుగులు తింటే బలం వచ్చే బానిస, షూటింగ్‌లో కొన్ని పురుగులు నిజంగానే తిన్నాడు. సినిమా సోసోనే, ఆడలేదు, కానీ టార్చర్ పెట్టే బాస్ నుంచి బయటపడలేని నౌకరుగా ఇతను బాగున్నాడు. 2002లో తల్లిగా చేసిన టోనీ కొలెట్ 2024లో క్లింట్ ఈస్ట్‌వుడ్ సినిమా జ్యూరర్ నంబర్ టూలో ప్రాసిక్యూటర్‌గా ఎదురొచ్చింది. అమెరికాలోని జార్జియాలో ఓ అమ్మాయి హత్య కేసు, జ్యూరీలో కూర్చున్న ఇతనికి వాదనలు వింటుంటే అర్థమవుతుంది, ఆ వానరాత్రి జింకని గుద్దాననుకుంది బహుశా జింక కాదు, చచ్చిపోయింది ఆ అమ్మాయే అయ్యుంటుంది, బోనులో ఉన్నవాడు ఏ తప్పూ చేయలేదు. ఇంట్లో కడుపుతో ఉన్న భార్య. సినిమా అంతా ఇతను చేసే పని వినడమే, సాక్షి మాట్లాడుతుంటే మొహంలో రక్తం ఇంకిపోవడం. తొంభై దాటిన ఈస్ట్‌వుడ్ తీసిన సినిమాని స్టూడియో వాళ్ళు అమెరికాలో యాభై థియేటర్లు కూడా ఇవ్వకుండా వదిలారు, అంత అన్యాయం ఎందుకు చేశారో నాకు ఇప్పటికీ మింగుడుపడదు. అదే ఏడాది ది ఆర్డర్‌లో 80ల నాటి తెల్లజాతి పిచ్చి గ్యాంగ్ లీడర్ బాబ్ మాథ్యూస్‌గా, నోస్ఫెరాటులో భయంతో చెమటలు కక్కే భర్తగా చేశాడు, మూడూ ఒకే మనిషి అంటే నమ్మడం కష్టం.

ఇంతకీ పోగొట్టుకున్న హీరో వేషాల లిస్టు చూస్తే పాపం అనిపిస్తుంది. బ్యాట్‌మ్యాన్‌కి స్క్రీన్ టెస్ట్ దాకా వెళ్ళాడు, రాబర్ట్ ప్యాటిన్సన్‌కి పోయింది. టాప్ గన్ మావెరిక్‌లో రూస్టర్ పాత్రకి ఆఖరి ముగ్గురిలో ఉన్నాడు, మైల్స్ టెల్లర్‌కి పోయింది. సూపర్‌మ్యాన్‌గా కూడా టెస్ట్ ఇచ్చాడు, డేవిడ్ కోరెన్స్‌వెట్‌కి పోయింది, కానీ డైరెక్టర్ జేమ్స్ గన్ ఇతన్ని వదల్లేదు, విలన్ లెక్స్ లూథర్‌ని చేశాడు, మళ్ళీ గుండు. ఆ రోజు సూపర్‌మ్యాన్ వేషం వచ్చుంటే అదింకో జాక్ ది జయంట్ స్లేయర్ అయ్యేదని నా గట్టి నమ్మకం, కోపం తెచ్చుకునే ఫ్యాన్స్ ఉంటే క్షమించండి.

లెక్స్‌ని చూడండి, కంట్రోల్ రూమ్‌లో నిలబడి తన మనుషులకి నంబర్లు అరుస్తుంటాడు, ఆ నంబరు ప్రకారం అక్కడ సూపర్‌మ్యాన్‌కి దెబ్బలు పడుతుంటాయి, ఒక్కో దెబ్బకి వీడి మొహం వెలిగిపోతుంది. చివర్లో అవును నాకు కుళ్ళే, నిద్రలేచిన దగ్గర్నుంచీ అదే అని వాడే ఒప్పేసుకుంటాడు. సూపర్‌మ్యాన్ మీద పగకి లోకరక్షణ అనో సైన్స్ అనో పేరు పెట్టుకుని తిరిగిన విలన్ నోట్లోంచి ఆ మాట రావడం నాకు భలే నచ్చింది. తర్వాతి సినిమా మ్యాన్ ఆఫ్ టుమారోని 2027 జులైకి అనౌన్స్ చేశారు, అందులో ఇంకో పెద్ద ప్రమాదం వచ్చి సూపర్‌మ్యాన్, లెక్స్ చేతులు కలపాల్సి వస్తుందని గన్ చెప్పాడు. కలిపితే కలపనీ గానీ, క్లైమాక్స్‌లో లెక్స్‌ని మంచోణ్ణి చేసి కౌగిలింతలు పెట్టించారంటే మాత్రం నేను టికెట్ డబ్బులు వెనక్కి అడుగుతా.